ఊరికి ఒకటే నోరు

రామవ్వ ఓడిపోయిన రోజు జంబిగాంలో పటాకులు కాల్చారు. ఆ చప్పుడు వాగు దాటి ఈదుల్‌గిద్దకు వినపడింది. ఆమె మొగుడు సంగప్ప గొడ్లకు నీళ్ళు పెడుతూ విన్నాడు. రామవ్వ గడప మీద కూచుని విన్నది. అన్నాలు తిన్నాక ఆమె ఒక్క మాట అంది.

"సీటు పేరే జంబిగాం. మనం గెలుస్తమని ఎట్లనుకున్నం? గా పేరు ఉన్నన్ని రోజులు మనం కిరాయికున్నోళ్ళమే."

అది ఎంపీటీసీ సీటు. మండల పరిషత్తుకు ఒక మెంబరును పంపే సీటు. కొన్ని ఊళ్ళు కలిపి ఒక సీటు చేస్తారు. వాటిలో ఏ ఊరిలో జనం ఎక్కువుంటే సీటుకు ఆ ఊరి పేరు పెడతారు. జంబిగాం ఈదుల్‌గిద్ద కంటే పెద్దదే గాని, కొండంత పెద్దదేం కాదు. ఒక వాడ ఎక్కువ, అంతే. ఆ ఒక్క వాడ వల్ల పేరు అటు పోయింది. పేరు పోయిన దిక్కే మెంబరు పోయాడు. మెంబరు పోయిన దిక్కే బోర్లు, సిమెంటు రోడ్లు, వీధి లైట్లు పోయాయి. ఎండాకాలం నీళ్ళ ట్యాంకరు కావాలంటే ఈదుల్‌గిద్ద ఆడవాళ్ళు వాగు దాటి వెళ్ళి జంబిగాం మెంబరు ఇంటి ముందు నిలబడాలి. ఆయన అరుగు మీద కూచుని పండ్లు తోముకుంటూ "ఏ ఊరోళ్ళు మీరు?" అని అడిగేవాడు. తెలిసే అడిగేవాడు.

రామవ్వ మహిళా సంఘం లీడరు. నలుగురిలో మాట్లాడగలిగిన మనిషి. సీటు ఆడవాళ్ళకు వచ్చినప్పుడు నిలబడింది. ఇల్లిల్లూ తిరిగింది. జంబిగాం మొత్తం ఒక్కటై ఓడించింది. ఆ తర్వాత కరోనా రెండో ఏడు ఖేడ్ దవాఖానలో చనిపోయింది. పోయేముందు ఏదో చెప్పాలని చూసింది గాని, గొంతు లేవలేదు. చెప్పలేకపోయిన ఆ మాట సీటు గురించేనని సంగప్ప తనకు తానే నిర్ణయించుకున్నాడు. అది కాదని చెప్పడానికి ఇంట్లో ఇంకెవరూ లేరు.

ఆమె పోయినప్పటి నుంచి జొన్నరొట్టెలు తానే చేసుకుంటున్నాడు. అవి అంచుల్లో మాడుతాయి, నడుమ పచ్చిగా ఉంటాయి. పెళ్ళిళ్ళకు పోవడం మానేశాడు. మొదటే మాట తక్కువ మనిషి. ఒకసారి మాట విరిగిందంటే అవతలివాడు ఎంతటి దగ్గరివాడైనా మళ్ళీ కలపడు. ఊరిలో ఆయన మాట్లాడని ఇళ్ళు చాలానే ఉన్నాయి. మాట్లాడే ఇళ్ళలో మొదటిది మాణిక్యప్పది.

సీట్లను మళ్ళీ గీస్తున్నారన్న కబురు తెచ్చింది కూడా మాణిక్యప్పే.

"సీట్ల చిత్తు కాగితం మండలాఫీసు గోడకు పెట్టిండ్రు," అన్నాడు కట్టమీద కూచుంటూ. "మల్ల జంబిగాం కిందనే రాసిండ్రు మనల్ని. గని ఆఫీసుల సార్ ఒక ముచ్చట చెప్పిండు. వాగును హద్దు చెయ్యుండ్రి అని మనం అభ్యంతరం పెడితే చూస్తరట. వాగుకు ఇటు దిక్కు మనం, ఫకీర్‌వాడి, రెండు తండాలు. లెక్క సరిపోతది. వాటిల పెద్దూరు మనదే."

"అంటే పేరు?"

"ఇంకేంది. ఈదుల్‌గిద్ద సీటు."

సంగప్ప చేతిలో ఉన్న పలుపుతాడు కింద పెట్టాడు. ఆ మాట ఇంకోసారి అనమని అడగాలనిపించింది. అడగలేదు.

ఫకీర్‌వాడి పోయి మాట్లాడే పని ఆయన మీదే పడింది. అక్కడ ఆయన పాత దోస్తు సాబిర్ ఉన్నాడు. మూడు రోడ్లు కలిసేచోట పంచర్ దుకాణం. ముప్పై గడపల వాడ అది. ఇంట్లో ఉర్దూ, బయట తెలుగు. చిత్తు కాగితంలో వాళ్ళను గుట్టకు అవతలి సీటులో కలిపారు. అక్కడి మెంబరును కలవాలంటే రెండు ఆటోలు మారాలి. సాబిర్ అప్పటికే పరేషాన్‌లో ఉన్నాడు.

"మేము పది మందిమి వస్తం," అన్నాడు. "సార్ ముంగట మా ముచ్చట మేమే చెప్పుకుంటం."

"వద్దు. లోపలికి మాణిక్యప్ప ఒక్కడే పోతడు. ఊరికి ఒకటే నోరు."

"గది మీ ఊరి రివాజు."

"సీటు ఒకటైతే రివాజు గూడ ఒకటే గదా."

చాయ్ గ్లాసులు తెచ్చిన సాబిర్ భార్య అఖ్తర్ బేగం నవ్వింది. "సీటు ఇంకా రానే లేదు. భాయ్ అప్పుడే రివాజు మోసుకొచ్చిండు."

సంగప్ప కూడా నవ్వాడు. ఆయన నవ్వగా చూసి చాలా రోజులయిందని సాబిర్ అన్నాడు.

ఆ రివాజు ఈదుల్‌గిద్దలో ఎప్పటినుంచో ఉంది. తాసిల్దారు దగ్గరికి గానీ, ఠాణాకు గానీ పని పడితే ఊరంతా కదిలిపోతుంది. లోపలికి మాత్రం ఒక్కడే వెళ్తాడు. అతన్ని ఊరి నోరు అంటారు. పోయేముందు మల్లన్న గుడిలో బండారి ముట్టి, ఆ పసుపు చేతితో, "ఊరి మాటనే నా మాట" అంటాడు. బయట ఉన్నవాళ్ళు అతను లోపల ఏం మాట్లాడాడని అడగరు. అడిగితే నమ్మలేదని అర్థం. అతను చెప్పినదానికి అడ్డం కూడా చెప్పరు. పెద్దల ముందు నాలుగు నోళ్ళు లేస్తే పని చెడుతుందని, నిజాం కాలంలో ఒకసారి అట్లా చెడగొట్టుకుని చెరువు కింది భూమి పోగొట్టుకున్నారని ముసలివాళ్ళు చెప్తారు. నిజమో కాదో ఎవరికీ తెలియదు. రివాజు మాత్రం నిలిచింది. ఇరవై ఏళ్ళుగా ఆ నోరు మాణిక్యప్పది.

విచారణ రోజు రెండు ట్రాక్టర్లలో పోయారు. ఫకీర్‌వాడి నుంచి సాబిర్‌తో పాటు నలుగురు వచ్చారు. మండలాఫీసు కాంపౌండులో వేపచెట్టు నీడన అందరూ కూచున్నారు. జంబిగాం సర్పంచ్ వీరేశ్ తెల్ల కారు అప్పటికే అక్కడ ఉంది.

"సర్పంచ్ మొఖం చూస్తివా?" అన్నాడు కిష్టప్ప అనే ముసలాయన. "పెండ్లిల పిల్ల లేచిపోయినట్టుంది."

"ఉండదా మరి. మనం పోతే జంబిగాం చిన్నగైతది. వాళ్ళను తీస్కపోయి ఇంకో పెద్దూర్ల కలుపుతరు. పేరు పాయె, పెత్తనం పాయె."

"మంచిగైతది. ట్యాంకర్ కోసం వాళ్ళు గూడ నిలబడాలె ఎవని ఇంటి ముంగటనో."

అందరూ నవ్వారు. మాణిక్యప్ప నవ్వలేదు. కండువా సర్దుకుని లోపలికి పోయాడు. పెద్ద పనికి పోయే మనిషి నవ్వడు గదా అనుకున్నాడు సంగప్ప.

చాలాసేపటికి తలుపు తీసుకుని అధికారి వరండాలోకి వచ్చాడు. వెనక మాణిక్యప్ప. అధికారి నిదానస్తుడు. మెట్ల మీద నిలబడి అందరినీ ఒకసారి చూశాడు.

"ఈదుల్‌గిద్ద వాళ్ళు మీరేనా? మీ మాణిక్యప్ప చెప్పింది విన్నాను. నన్ను రాసుకోమన్నాడు. రాసుకునే ముందు అడుగుతున్నాను. ఆయన చెప్పింది మీ అందరి మాటేనా?"

సాబిర్ లేచాడు. "సార్, ఆయన ఏం చెప్పిండో జర మాకు..."

సంగప్ప అతని చెయ్యి పట్టి కిందికి గుంజాడు. తానే లేచి నిలబడి, గొంతు సవరించుకుని అన్నాడు. "అవ్ సార్. గదే మా మాట."

"అవ్ సార్," అన్నది ఊరంతా.

అధికారి తల ఊపి లోపలికి పోయాడు. తిరిగి వచ్చేటప్పుడు మాణిక్యప్ప దారిలో అందరికీ మిర్చి బజ్జీలు ఇప్పించాడు. తాను తినలేదు. కడుపులో బాగాలేదన్నాడు. ఆ సాయంత్రం సంగప్ప, మాట్లాడక మూడేళ్ళయిన పక్కింటి కిష్టవ్వను పిలిచి, "మన సీటు మనకొస్తుంది అక్కా" అని చెప్పాడు. ఆమె ఆశ్చర్యపోయి ఇంత చింతకాయ పచ్చడి ఇచ్చింది.

చివరి కాగితం గోడకు పెట్టిన రోజు సంగప్ప ఎవరికీ చెప్పకుండా ఒక్కడే పోయాడు. మొదట తానే చూడాలనుకున్నాడు. ఊరి బడిలో ఏడు దాకా చదివినవాడు. నిదానంగా చదువుతాడు. సీట్ల పేర్లు పెద్ద అక్షరాల్లో, వాటి కింద ఊళ్ళు చిన్న అక్షరాల్లో ఉన్నాయి. పెద్ద అక్షరాలన్నీ చదివాడు. ఈదుల్‌గిద్ద లేదు. మళ్ళీ పై నుంచి చదివాడు. జంబిగాం అని ఉన్నచోట కింద చిన్న అక్షరాల్లో దొరికింది, రెండో ఊరుగా. ఫకీర్‌వాడి గుట్టకు అవతలి సీటులో అందరికంటే చివర ఉంది.

లోపలికి పోయాడు. జీవితంలో మొదటిసారి ఒక ఆఫీసు లోపలికి తాను పోయాడు.

"సార్, మేము అభ్యంతరం పెట్టినం. వాగు హద్దు చెయ్యుండ్రి అని."

అధికారి కళ్ళద్దాలు తీసి చూశాడు. "పెట్టారు. తర్వాత వాపసు తీసుకున్నారు."

"మేము తీస్కోలె."

"మీ మాణిక్యప్ప తీసుకున్నాడు. మాకు జంబిగాంతోనే ఉండాలని ఉంది, వాగు మాకు అడ్డం కాదు, ఫకీర్‌వాడి సంగతి మాకు అక్కరలేదు అన్నాడు. అందుకే కదా నేను బయటికి వచ్చి మిమ్మల్ని అడిగింది. అందరి మాటేనా అని." ఆగి, మొహంలోకి చూశాడు. "అందరికంటే ముందు లేచి అవునన్నది మీరే అనుకుంటాను."

సంగప్ప బయటికి వచ్చి బస్సు కోసం నిలబడ్డాడు. బస్సు వచ్చింది, పోయింది. ఎక్కలేదు. తర్వాత ఎవరిదో బండి ఆపి ఊరికి పోయి, ఇంటికి పోకుండా నేరుగా మాణిక్యప్ప ఇంటికి పోయాడు.

మాణిక్యప్ప వాకిట్లో కందులు ఎండబోస్తున్నాడు. సంగప్పను చూడగానే అతనికి అర్థమయింది. చేతులు దులుపుకున్నాడు.

"కూసో."

"కూసోను. బండారి ముట్టినవ్‌రా నువ్వు."

"ముట్టిన. ఊరికి మంచయ్యే మాట చెప్పిన. గది ఊరి మాట కాదా?"

"ఏం మంచి?"

"వీరేశ్ ఇంటికొచ్చిండు. మనం ఉంటెనే వాళ్ళ సీటు నిలుస్తది. గందుకని కాళ్ళ బేరానికొచ్చిండు. ఈ సారి టికెట్ మన ఊరికే ఇస్తమన్నరు. మన ఓట్లు, వాళ్ళ ఓట్లు, గెలుపు ఖాయం. ఒట్టి పేరుతోని ఏం చేస్తవ్ సంగప్పా? రొట్టెల పెట్టుకోని తింటవా?"

"టికెట్ ఎవరికి?"

మాణిక్యప్ప వంగి కందుల్లో రాళ్ళు ఏరడం మొదలుపెట్టాడు. కోడలు అంకిత చెంబుతో నీళ్ళు తెచ్చి నిలబడి ఉంది. సంగప్ప ఆమెను చూశాడు. పోయిన ఎన్నికల్లో రామవ్వ పక్కన చేతిలో కరపత్రాలు పట్టుకుని ఇల్లిల్లూ తిరిగిన పిల్ల. రామవ్వకు ఆమె అంటే ప్రాణం.

"నీకు తెల్సా బిడ్డా?"

"మొన్న చెప్పిండు పెద్దమామా," అంది అంకిత. తల వంచుకోలేదు. "నాకు చెప్పకుండ చేసిండు. గని టికెట్ వద్దని నేను అన్లే. రామవ్వ అత్తతోని తిరిగినప్పటి సంది నాకూ ఉన్నది నిలవడాలని. అబద్ధం చెప్పను."

"ఉండాలె. నిలవడుడు తప్పు కాదు."

"మరి మీ ఓటు..."

"గది అడగకు."

"చూడు," అన్నాడు మాణిక్యప్ప గొంతు తగ్గించి. "రామవ్వ బతికుంటె గూడ ఇదే చెప్తుండె. ఆమె గెల్వాలనుకుంది. పేరు కోసం కాదు."

"ఆమె ముచ్చట నీ నోట రావద్దు."

"ఆమె నిలవడ్డప్పుడు నేనే గదా ఊరు తిరిగి..."

"తిరిగినవ్. గప్పుడు గూడ ఎవని మాట చెప్పినవో ఇయ్యాల అనుమానమొస్తుంది నాకు."

మాణిక్యప్ప మొహం ఎర్రబడింది. ఇన్నేళ్ళ స్నేహంలో ఒకరినొకరు ఇంత మాట అనుకోలేదు. సంగప్ప నీళ్ళు తాగకుండానే బయటికి నడిచాడు. ఇక ఈ జన్మలో ఆ వాకిలి తొక్కకూడదని అనుకున్నాడు. అట్లా అనుకున్న మాట ఆయన ఒక్క కిష్టవ్వ దగ్గర తప్ప ఎన్నడూ తప్పలేదు.

సాయంత్రం పంచాయతీ కట్ట దగ్గర ఊరిని కూడగట్టాడు. జరిగింది జరిగినట్టు చెప్పాడు. మాణిక్యప్ప కూడా వచ్చి ఒక పక్క నిలబడ్డాడు. ఊరు మాణిక్యప్ప మీద పడి కొడుతుందేమో, తాను అడ్డం పోవాలా వద్దా అని సంగప్ప దారిలో ఆలోచించుకుంటూ వచ్చాడు. పోవద్దనే నిర్ణయించుకున్నాడు.

ఎవరూ అతని మీదికి పోలేదు. కొద్దిసేపు గుసగుసలాడుకున్నారు. అంకితకు టికెట్ అన్నమాట ఒక చివర నుంచి ఇంకో చివరకు పాకింది. పాకినకొద్దీ మొహాలు మారాయి.

"చేసింది తప్పే," అన్నాడు కిష్టప్ప. "చెప్పి చేస్తే బాగుండు. గని సీటు మన ఇంట్లకొచ్చినంక పేరు ఏదైతే ఏంది?"

"మన ఊరి కోడలు మెంబరైతే ట్యాంకరు మన ఇంటి ముంగటికే వస్తది గదా."

"బండారి ముట్టి అబద్ధమాడిండు," అన్నాడు సంగప్ప.

"మల్లన్న చూస్కుంటడు తియ్యి. మనమెవరం?"

వెనక నుంచి ఎవరో అన్నారు. "అయినా సంగప్పా, అందరికంటె జోరుగ అవ్ అన్నది నువ్వే గదనే."

కొందరు నవ్వారు. చెడ్డ నవ్వు కాదు. ఇంటివాడిని చూసి నవ్వే నవ్వు. దాంతోనే సంగప్పకు నడుము విరిగినట్టయింది.

"ఫకీర్‌వాడోళ్ళ సంగతేంది? వాళ్ళకు మాటిచ్చినం."

ఈసారి ఎవరూ నవ్వలేదు. ఒకడు బీడీ ముట్టించుకున్నాడు. ఒకడు లేచి గొడ్లు ఇంటికి వచ్చే వేళయిందన్నాడు.

"మాటిచ్చింది ఊరా?" అన్నాడు మాణిక్యప్ప మొదటిసారి నోరు తెరిచి. "నువ్వు పోయి ఇచ్చొచ్చినవ్."

ఒక్కొక్కరే లేచిపోయారు. మోసం చేసింది ఒక్కడే అనుకుని ఊరి ముందుకు వచ్చిన మనిషి, ఊరు మొత్తం వెళ్ళిపోతుంటే కట్ట మీద నిలబడి చూశాడు.

మర్నాడు మధ్యాహ్నం దాటాక ఫకీర్‌వాడి నడిచిపోయాడు. దారి పొడుగునా చెప్పాల్సింది కూడబలుక్కున్నాడు. మాణిక్యప్పను ఏమేం తిట్టాలో వరస పెట్టుకున్నాడు. సాబిర్ తన కంటే ఎక్కువ తిడతాడు. ఇద్దరూ కలిసి సంగారెడ్డి పోతారు, వకీలును పట్టుకుంటారు. ఈ లోకంలో ఇంకొక్క మనిషికైనా తనకు తగిలిన దెబ్బే తగిలింది. అది ఒక్కటే ఆయనకు మిగిలిన ఓదార్పు.

సాబిర్ నీళ్ళ తొట్టిలో ట్యూబు ముంచి బుడగలు చూస్తున్నాడు. తల ఎత్తి చూసి, మళ్ళీ ట్యూబు తిప్పాడు.

"తెల్సింది," అన్నాడు. "మా వాడల నదీమ్ ఫోన్ల లిస్టు చూపిచ్చిండు."

"మాణిక్యప్ప మోసం చేసిండు సాబిర్. కోడలి టికెట్ కోసం అమ్మిండు మనల్ని. వాని వంశం..."

"మాణిక్యప్ప నాకెవడు?"

సంగప్ప దుకాణం ముందున్న బల్ల మీద కూచున్నాడు.

"నేను వానితోని ఎన్నడు నిలవడి మాట్లాడలె," అన్నాడు సాబిర్. "వాడు మా వాడకు రాలె. మా చాయ్ తాగలె. మాకు మాటియ్యలె."

"లోపల ఏమన్నడో నాకు తెల్వదు. అల్లా సాక్షి, మల్లన్న సాక్షి. నాకు తెల్వదు."

"తెల్వదని నాకూ తెల్సు. గదే నా ముచ్చట. తెల్వకుండనే అవ్ అన్నవ్. నేను అడుగుతుంటె గుంజి కూసోబెట్టినవ్. సార్ మెట్ల మీద నిలవడి అడిగిండు సంగప్పా. మంచిగ అడిగిండు. ఒక్క మాట అడగనిస్తే అయిపోతుండె."

"మా రివాజు..."

సాబిర్ బుడగ దొరికినచోట వేలు పెట్టి, ట్యూబు బయటికి తీసి, గుడ్డతో తుడిచాడు. రంపపు ముక్కతో గీకడం మొదలుపెట్టాడు. రోడ్డు మీద ఒక మోటర్ సైకిల్ ఆగింది, గాలి కొట్టించుకుంది, పోయింది. అంతసేపూ సంగప్ప బల్ల మీద కూచునే ఉన్నాడు. ఎప్పుడూ ఆయన కూచోగానే లోపల చాయ్ కోసం స్టవ్ అంటించిన చప్పుడు వినపడేది. ఈరోజు వినపడలేదు.

"కోర్టుకు పోదాం," అన్నాడు. "సంగారెడ్డిల ఒక వకీలు ఉన్నడట. మీ వాడోళ్ళు పది మంది సంతకం పెడితే..."

"పెట్టరు."

"నువ్వు చెప్తె పెడతరు."

"నేను చెప్ప." సాబిర్ గొంతు పెద్దది చేయలేదు. "మొన్న నేనే పోయి ఇల్లిల్లు చెప్పిన వాళ్ళకు. సంగప్ప ఉన్నడు, మనం పోకున్నా నడుస్తది అని. ఇప్పుడు మల్ల ఏ మొఖం పెట్టుకోని పోవాలె?"

క్షమించు అనే మాట సంగప్పకు అలవాటు లేదు. ఎవరైనా తనను అడిగినప్పుడు ఆయన ఇచ్చినవాడు కాదు. ఎట్లా అడగాలో తెలియలేదు. చివరికి అన్నాడు.

"రేపు పొద్దుగాల సంగారెడ్డికి నేను పోత. ఒక్కన్నే పోత."

"నీ ఇష్టం."

ఆ మాటలో కోపం లేదు. కోపం ఉంటే సంగప్ప తిరగబడేవాడు, మాట పెంచుకునేవాడు, మాట్లాడని ఇళ్ళలో ఇది కూడా ఒకటి చేసుకుని పోయేవాడు. సాబిర్ అతుకు మీద జిగురు రాసి, ఆరడానికి మెల్లగా ఊదుతున్నాడు.

అఖ్తర్ బేగం గడప దగ్గరికి వచ్చింది. కొంగు తల మీదికి లాక్కుని, ఇంటికి వచ్చిన కొత్తవాళ్ళతో మాట్లాడినట్టు నెమ్మదిగా చెప్పింది.

"భాయ్, పొద్దు గూకుతుంది. నువ్వు పోయి రొట్టె చేస్కోవాలె గదా."

సంగప్ప లేచి, ధోతి దులుపుకుని, రోడ్డెక్కాడు.